ఓటింగ్ అయ్యేదాకా

ఆ ఎండాకాలం మా తాలూకాలో అందరికంటే పేరు మోసినవి మా నాయన కాళ్ళు. ఎమ్మెల్యే మొహం గుర్తుపట్టలేని ముసలమ్మలు కూడా ఆ కాళ్ళను గుర్తుపట్టేవాళ్ళు, మనవళ్ళ ఫోన్లలో చూసి. ఆ ఫోన్లలోకి ఎక్కించింది నేనే. ఈ సంగతి మొదట్లోనే చెప్పేయడం మంచిది. ఆఖరికి వచ్చేసరికి చెప్పే ధైర్యం ఉంటుందో లేదో.

మాది బళ్ళారి జిల్లా హచ్చొళ్ళి. పేరుకు కాలువ కింది ఊరు. బస్సులో పోయేవాళ్ళు కిటికీలోంచి పచ్చటి మళ్ళు చూసి, వీళ్ళకేం తక్కువ అనుకుంటారు. మా ఆరెకరాలు బస్సులో నుంచి కనబడవు. ఉపకాలువకు చిట్టచివర ఉన్నాయి. కాలువ ఆఫీసువాళ్ళు టైలెండ్ అంటారు, మేం కడమడి అంటాం. పైవాళ్ళు తడుపుకుని, తడిపిన మడినే మళ్ళీ తడుపుకుని, గట్టు తెగి రోడ్డు మీద పారాక ఏమైనా మిగిలితే మాకు. మిగిలిందెప్పుడు! నాట్లు వేయడం, ఎండబెట్టుకోవడం మాకు అలవాటైపోయింది. మా నాయన తిమ్మప్ప ముప్పై ఏళ్ళు కాలువ ఆఫీసుకు అర్జీలు మోశాడు. ఆఫీసులో కుర్చీలు ఉండేవి, కూర్చోమనే నోరే ఉండేది కాదు.

అట్లాంటి మనిషి చెవిలో హొన్నూరప్ప గొంతు పడింది.

హొన్నూరప్ప కంకర మిషన్లు ఉన్నవాడు. పెద్ద పార్టీలో రెండుసార్లు టికెట్ అడిగి, రెండుసార్లూ గుమ్మంలోనే నిలబడి వచ్చి, మూడోసారి తానే ఒక పార్టీ పెట్టాడు. నమ్మ నీరు పక్ష, అంటే మన నీళ్ళ పార్టీ. బిందె గుర్తు. పెట్టిన ఏడాదిలోనే జెండాలు కుట్టేవాళ్ళకు తీరిక లేకుండా పోయింది. అంతగా ఏం చెప్పాడని అడిగితే కొత్తగా ఏమీ లేదు. మా కడుపులో ఉన్న మాటనే మైకులో చెప్పాడు. తెలుగువాళ్ళ దగ్గర తెలుగులో, కన్నడంవాళ్ళ దగ్గర కన్నడంలో, "పైనోడు పారబోసుకునే నీళ్ళు కిందోడికి ఎందుకు రావు?" అని అడిగేవాడు. జవాబు చెప్పేవాడు కాదు. జవాబు లేకపోయినా జనం ఈలలు వేసేవాళ్ళు. నేనూ వేశాను.

ఫిబ్రవరి ఆఖర్లో మా ఊళ్ళో సభ పెట్టారు. మా వైపు మాట ఇచ్చి తప్పకూడదనుకుంటే ఉచ్చంగెమ్మ తల్లి పసుపు ముట్టి ఆణె పెడతారు, ఒట్టు వేస్తారు. ఆ పసుపును భండారం అంటాం. ఆ భండారం ముట్టి తప్పినవాడి ఇల్లు నిలవదని నమ్మకం. హొన్నూరప్ప వేదిక మీద పళ్ళెం తెప్పించాడు. తెల్లబూట్లు రెండూ విప్పి పక్కన పెట్టాడు. పసుపులో అరచెయ్యి అద్ది పైకెత్తాడు.

"కడమడికి నీళ్ళు పారేదాకా ఈ హొన్నూరప్ప కాలికి చెప్పు తొడగడు. ఉచ్చంగెమ్మ ఆణె! నా జతకు వచ్చేటోళ్ళు ఎవురెవురుండారప్పా?"

మైదానంలో చెప్పులన్నీ గాల్లోకి లేచాయి. వేదిక పక్కన నడుమెత్తు గుట్ట పడింది. పళ్ళెం జనంలోకి వచ్చింది, ఒక్కొక్కరే ముట్టుకున్నారు. మా నాయన కూడా చెప్పులు విప్పి, విసరకుండా, ఒద్దికగా జతగా పెట్టి పసుపు ముట్టుకున్నాడు.

సాయంత్రానికి గుట్ట సగమైంది. తెల్లారేసరికి ఊళ్ళో అందరి కాళ్ళకూ మళ్ళీ చెప్పులున్నాయి. కొందరికి పోయినవాటికంటే మంచివి దొరికాయి. మా అమ్మ సుభద్రమ్మ కూడా వెళ్ళి నాయన జత ఏరుకొచ్చి వాకిట్లో పెట్టింది.

"ఏమయ్యా, అందురూ తెచ్చుకున్న్యారు. ఏసుకో."

"భండారం ముట్టినా సుభద్రా."

"అందురూ ముట్టినారు."

"అందురి సంగతి నాకేల? నేను ముట్టినా గదా."

అమ్మ ఆ చెప్పులు పనిమనిషి మారెక్క మొగుడికి ఇచ్చేసింది. మా నాయనతో వాదించి గెలిచినవాళ్ళు మా వంశంలో లేరు.

నేను సిరుగుప్పలో ఉంటాను. అక్కడ ఒక రక్తపరీక్షల లాబులో పని. మా ఆయన జగదీశ్‌కు రెండు టిప్పర్లు ఉన్నాయి, సండూరు నుంచి మైను సరుకు తోలుతాయి. ఆయన కూడా బిందె పార్టీలో చేరి తాలూకా కార్యదర్శి అయ్యాడు. జిల్లా పంచాయితీ ఎన్నికలు వస్తే హచ్చొళ్ళి టికెట్ నీదేనని హొన్నూరప్ప భుజం తట్టి చెప్పాడట. ఆ భుజాన్ని మా ఆయన వారం రోజులు అపురూపంగా చూసుకున్నాడు.

మే నెలలో అసెంబ్లీ ఎన్నికలు, మార్చిలోనే పాదయాత్ర మొదలైంది. జెండాల వెనక వందల మంది వట్టికాళ్ళతో. జనం మా పార్టీకి వట్టికాళ్ళ పార్టీ అనే పేరు పెట్టేశారు. బళ్ళారి ఎండ సంగతి ఎవరికీ చెప్పనక్కర్లేదు. పది దాటితే తారు మెత్తబడుతుంది. హొన్నూరప్ప ప్రతి ఊరి మొదట్లో దిగి నడిచేవాడు, ఊరు దాటాక కారెక్కేవాడు. కారులో చల్లనీళ్ళ బకెట్టు ఉంటుందని డ్రైవరు మా ఆయనతో చెప్పాడు. మేం నవ్వుకున్నాం. నాయకుడన్నాక ఆమాత్రం ఉండదా అనుకున్నాం.

ఒక రోజు మధ్యాహ్నం పన్నెండున్నర. నడిచేవాళ్ళందరూ తారు వదిలేసి పక్కనున్న గడ్డిలోకి, మట్టిలోకి గెంతుతున్నారు. రోడ్డు నడిమధ్యన ఒక్క మనిషి నడుస్తున్నాడు. పంచె పైకి దోపి, భుజం మీద జెండా, పొలానికి పోయే మనిషిలా, తొందరేమీ లేకుండా. మా నాయన. నేను స్కూటరు మీద వెనకే ఉన్నాను. గుండె ఉప్పొంగింది. ఫోను తీసి పట్టుకున్నాను. ముందు మొహం, తర్వాత కిందికి దించి పాదాలు.

"నాయనా, కాల్తాలేదా?"

"ఏం కాల్తాది మే? మన మడిలో నడ్సినట్లుండాది."

అంతే వీడియో. ఇరవై సెకన్లు ఉండదు. ఆ సాయంత్రం పెట్టాను. మూడు రోజుల్లో బెంగుళూరు వాళ్ళు చూశారు, ఆదోని వాళ్ళు చూశారు, దుబాయిలో తాపీపని చేసేవాళ్ళు చూశారు. 'మన మడిలో నడ్సినట్లుండాది' అని గోడల మీద రాశారు. ఉచ్చంగెమ్మ తల్లి ఆ ముసలాయన కాళ్ళ కింద చెయ్యి పెట్టిందని ఎవరన్నారో, ఆ మాట వీడియో కంటే జోరుగా పాకింది. మా అమ్మే నమ్మింది, ఇంక ఊరికేం చెప్పాలి? రోజూ పొద్దున ఆయన పాదాలకు కుంకుమ బొట్టు పెట్టి కళ్ళకద్దుకునేది. నలభై ఏళ్ళు ఆయనతో పోట్లాడిన మనిషి.

హొన్నూరప్ప మా ఇంటికి వచ్చాడు. వెనక పదహారు కార్లు. వాకిట్లోనే వంగి మా నాయన కాళ్ళు ముట్టుకున్నాడు.

"మామా, నేను మాట ఇచ్చినోణ్ణి, నువ్వు మాట నిలబెట్టినోనివి. ఇంగ ప్రచారమంతా నువ్వు నా పక్కనుండల్ల."

మా నాయన పైగుడ్డ సర్దుకుని నిటారుగా నిలబడ్డాడు. కాలువ ఆఫీసులో బంట్రోతు కూడా ఆయన్ని మామా అని పిలవలేదు.

ఏప్రిల్ రెండో వారంలో అమ్మ ఫోను చేసింది. నాయన భోంచేసి లేచి వెళ్తే గచ్చంతా ఎర్రటి అడుగులు పడ్డాయట. వెళ్ళి చూశాను. మడమలో సీసా పెంకు ఉంది, చిటికెన వేలి గోరంత. ఆయన తీరిగ్గా వక్క నములుతూ కూర్చున్నాడు.

"ఎప్పుడు గుచ్చుకున్న్యాది నాయనా?"

"గుచ్చుకున్న్యాదా?" అని కాలు తిప్పి చూసుకున్నాడు. చూసి నవ్వాడు. "సూస్తివా, తల్లి దయ."

నాకు నవ్వు రాలేదు. పదేళ్ళుగా రక్తాలు చూస్తున్నదాన్ని. అక్కడే వేలు పొడిచి చూశాను, తర్వాత లాబుకు తీసుకెళ్ళి సరిగ్గా చేశాను. చక్కెర ఎక్కడో ఉంది. అంకె చూసి మిషను చెడిపోయిందేమోనని రెండోసారి చేశాను. చెడిపోలేదు. లాబు పక్కన డాక్టరు నాయన పాదాల మీద సూదితో అక్కడక్కడా పొడిచాడు. నాయన గోడ మీద క్యాలెండరు చూస్తూ ఉన్నాడు. డాక్టరు నన్ను బయటికి పిలిచాడు.

"ఎన్నేండ్ల నుంచి ఉండాదో ఏమో ఈ షుగరు. పాదాల్లో నరాలు సచ్చిపోయినాయి. నొప్పి తెలీదు, వేడి తెలీదు. చెప్పులు లేకుండా ఒక్క అడుగు గూడ ఏయనీయొద్దు. ఒగ పుండు మానకపోతే కాలే పోతాది. ఆయప్పకు నువ్వే నిదానంగా చెప్పు."

తల్లి దయ కాదు. చచ్చిన నరాలు. దేశమంతా చూసి చేతులు జోడించింది నా తండ్రి రోగానికి.

లోపలికొచ్చి నాయనతో, "చక్కెర రవ్వంత ఎక్కువుండాది, మాత్రలు రాసినాడు," అని మాత్రం చెప్పాను. మిగతాది ఇంట్లో నిదానంగా చెబుదామనుకున్నాను. నాయనను ఊరికి బస్సెక్కించాక, నన్ను తీసుకుపోవడానికి వచ్చిన జగదీశ్‌కు దారిలో చెప్పాను. ఆయన స్కూటరు ఆపాడు.

"ఎవురికి చెప్పినావు?"

"నీకే."

"ఇంగెవురికీ చెప్పొద్దు. ఓటింగ్ అయ్యేదాకా. ఇంగ నెల గూడ లేదు. ఇప్పుడు మామకు చెప్పులేసినామనుకో, హొన్నూరన్న పని ఏమైతాది? మన పని ఏమైతాది? ఆయప్ప కాళ్ళ మీద పార్టీ నిలబడుండాది వినూతా."

"కాలు పోతాదంట."

"నెల్లో పోతాదా? నువ్వు మందులియ్యి, సాయంత్రాలు పోయి కాళ్ళు సూడు. ఓటింగ్ అయినంక నేనే చెప్పులు తెచ్చి తొడుగుతా."

ఆయన్నొక్కణ్ణే ఆడిపోసుకుంటే అబద్ధమవుతుంది. నేనేం తక్కువ తిన్నాను? ఆ నెలలో బజారుకు పోతే 'తిమ్మప్ప కూతురు, వీడియో తీసింది ఆయమ్మే' అని వేలు చూపేవాళ్ళు. జిల్లా పంచాయితీ సభ్యుడి భార్యగా నన్ను నేను అద్దంలో చూసుకున్న రోజులున్నాయి. ఆ వీడియో ఉత్త షుగరు రోగమని బయటపడితే నా మొహం ఎక్కడ పెట్టుకోవాలి? అదే ఆలోచించాను. నాయన కాలు రెండో ఆలోచన. సిగ్గుతో చెబుతున్నా, రెండోదే.

ఒక్కసారి మాత్రం, "నాయనా, ఇంట్లో అన్నా చెప్పులేసుకో," అన్నాను. "ఇంట్లో ఒగ మాట, బయట ఒగ మాటనా?" అన్నాడు. హమ్మయ్య అనిపించింది. నేను చెప్పానుగా, ఆయనే వినలేదుగా అని సర్దుకున్నాను.

ఆ నెలంతా మా నాయనను ఓపెన్ జీపులో తిప్పారు. సిరుగుప్ప నుంచి సండూరు పక్క తారానగర్ దాకా. ప్రతి ఊళ్ళో ఒకటే తంతు. హొన్నూరప్ప జీపు మీద చాప పరుచుకుని మాట్లాడేవాడు, నాయన కింద తారు మీద చేతులు కట్టుకుని నిలబడేవాడు, ఉపన్యాసం అయ్యేదాకా. తారానగర్‌లో మైను దుమ్ము పడి ఎర్రబారిన రోడ్డు. ఒకామె కొంగుతో నాయన పాదాలు తుడిచి, ఆ కొంగు తన బిడ్డ మొహానికి అద్దింది. నాయన ఆ బిడ్డ తల మీద చెయ్యి పెట్టాడు. ఆయన మొహంలో అంత నిండుదనం నేనెప్పుడూ చూడలేదు, మా పెళ్ళిలో కూడా.

సాయంత్రాలు నేను వెళ్ళి కాళ్ళు కడిగేదాన్ని. అరికాళ్ళు బొబ్బలెక్కి, చితికి, మళ్ళీ ఎక్కి. మందు పూసేదాన్ని. "మంట లేదులే," అనేవాడు. అమ్మ పసుపు నూరి తెచ్చేది. నేను పూయనిచ్చేదాన్ని, ఏమీ తెలియనట్టు.

మే నెలలో ఓటింగ్ జరిగింది. బిందెకు మూడు సీట్లు వచ్చాయి. మూడే, కానీ ఆ ఏడాది ఎవరికీ సరిపడా రాలేదు కాబట్టి ఆ మూడూ బంగారమయ్యాయి. హొన్నూరప్ప మంత్రయ్యాడు. మా ఊళ్ళో బిందెలు మోగించి ఊరేగారు. ఓటింగ్ అయిపోయింది, ఇంక చెప్పొచ్చు. నేను చెప్పలేదు. జగదీశ్ చెప్పులు తేలేదు. జిల్లా పంచాయితీ నోటిఫికేషను వస్తుందన్నారు, అదయ్యాక చెబుదామన్నాం. అది రాలేదు. ఎప్పటికప్పుడు ఇంకొక్క వారం. బొబ్బలు మానాయి, పాదాలు తోలులా గట్టిపడ్డాయి, నాకూ భయం మొద్దుబారింది.

జులై ఆఖర్లో కాలువకు నీళ్ళు వదిలారు. ఉపకాలువ తూము దగ్గర షామియానా. మంత్రిగారు వచ్చి చక్రం తిప్పారు, నీళ్ళు దూకాయి. అందరం అరిచాం. హొన్నూరప్ప కాలువలో కాళ్ళు కడుక్కున్నాడు. ఎవరో పట్టుబట్టతో తుడిచారు. ఇంకెవరో అట్టపెట్టె తెరిచి కొత్త తెల్లబూట్లు తీశారు. భండారం పళ్ళెం ముందు పెట్టుకుని, ఆణె తీరిందని తల్లికి దణ్ణం పెట్టి, బూట్లు తొడుక్కున్నాడు. చప్పట్లు. ఆ చప్పట్లలో మా నాయన మాట నాకు, పక్కనున్న నలుగురికి తప్ప ఎవరికీ వినబడలేదు.

"కడమడికి పారిందా?"

"బర్తదె మామా, బర్తదె," అన్నాడు మంత్రిగారి పక్కనున్న ఇంజనీరు, వస్తుందిలే అని. "రెండ్రోజుల్లో వస్తాది."

మా నాయన షామియానా దాటి గట్టు ఎక్కాడు. ఏడు కిలోమీటర్లు ఉంటుంది మా పొలం. నేను స్కూటరు తీసి వెంట పడ్డాను. ఎక్కమంటే ఎక్కలేదు. నీళ్ళతో పాటు నడిచాడు. కాసేపు నీళ్ళు ముందుండేవి, కాసేపు ఆయన. నాలుగో కిలోమీటరు దగ్గర పైవాళ్ళ మోటార్లు వరసగా కాలువలోకి పైపులు దించి ఉన్నాయి. అక్కడ నీళ్ళు సన్నబడ్డాయి. ఐదో కిలోమీటరు దగ్గర తడి మాత్రం ఉంది. ఆ తర్వాత అదీ లేదు. మా కడమడిలో నెర్రెలు అట్లాగే నోళ్ళు తెరుచుకుని ఉన్నాయి. నాయన గట్టు మీద కూర్చున్నాడు.

"పోదాం పా," అన్నాడు ఆఖరికి. "రెండ్రోజులన్న్యాడు గదా."

రెండు రోజులకు తూము మూసేశారు. పై కాలువకు గండి పడిందన్నారు.

తర్వాత జరిగింది తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది. వట్టికాళ్ళతో ఊరూరా ఆయన్ని ఊరేగించినవాళ్ళే ఇప్పుడు చెప్పులు పట్టుకుని ఇంటికి వచ్చారు. మంత్రిగారు బూట్లు తొడిగాక ఇంకా ఒకడు వట్టికాళ్ళతో తిరిగితే ఎట్లా? చూసినవాళ్ళు నీళ్ళు రాలేదా అని అడుగుతున్నారు. అందరికంటే ముందు జగదీశే వచ్చాడు.

"మామా, ఒక్క ఫోటో. ఏసుకో, ఫోటో అయినంక ఇడ్సెయ్."

"నీళ్ళు రాలేదు గద జగదీశా."

"ఆణె పెట్టిన మనిషే తీరిందంటాండాడు. నీదేంది మధ్యలో?"

"ఆయప్ప ఆణె ఆయప్పది. నాది తీర్లేదు."

ఆ రోజు నేను పక్కనే ఉన్నాను. "ఏసుకో నాయనా," అని నేనూ అన్నాను, ఏడుస్తూ అన్నాను. ఎందుకు ఏడుస్తున్నానో చెప్పి ఉంటే వినేవాడేమో. చెప్పలేదు. చెబితే, ఏప్రిల్ నుంచి ఎందుకు చెప్పలేదని అడుగుతాడు. ఆ ఒక్క ప్రశ్నకు భయపడి నోరు మూసుకున్నాను.

వారం తిరక్కుండా మా నాయన ప్రతిపక్షం మనిషి అయిపోయాడు. డబ్బు తీసుకుని మంత్రికి చెడ్డపేరు తెస్తున్నాడని వాట్సాప్‌లో తిప్పారు, నేను తీసిన వీడియో మీదనే. ఒకప్పుడు పాదాలు కొంగుతో తుడిచిన జనం ఎదురైతే పక్కకు తిరిగారు. ఆయన మాత్రం రోజూ పొద్దున్నే కాలువ గట్టు మీద కడమడి దాకా నడిచేవాడు, నీళ్ళు వచ్చాయేమో చూడటానికి. ఆ గట్టు నిండా తుమ్మముళ్ళు.

ముల్లు ఎప్పుడు దిగిందో ఆయనకు తెలియదు. నేను సాయంత్రాలు కాళ్ళు చూడటం ఓటింగ్ తర్వాతే మానేశాను. ఆగస్టు మధ్యలో అమ్మ ఫోను చేసి, "మీ నాయన కాలు వాసనొస్తాండాది," అంది. వెళ్ళేసరికి బొటనవేలు నల్లగా ఉంది. బళ్ళారి తీసుకుపోయాం. వేలు తీశారు. తర్వాత పాదం అన్నారు. తర్వాత మోకాలి కింద దాకా. పన్నెండు రోజుల్లో మూడుసార్లు. ఎక్కడ సంతకం పెట్టమంటే అక్కడ నేనే పెట్టాను.

మంత్రిగారు చూడటానికి రాలేదు. ఆయనకు తీరిక లేదు. బిందె ఎమ్మెల్యేల్లో ఇద్దరు ఆ నెలలోనే అధికార పార్టీలోకి దూకారు. మిగిలింది తానొక్కడే కాబట్టి, నీళ్ళ కోసమే అని చెప్పి, దసరాకు ముందు పార్టీని మొత్తంగా అందులో కలిపేశాడు. పార్టీకి జెండా, గుర్తు, పాట, అన్నీ ఉండేవి. పోవడానికి ఒక మధ్యాహ్నం చాలింది. సిరుగుప్పలో పార్టీ ఆఫీసు మెట్ల మీద ఇప్పుడు ఒకాయన హెల్మెట్లు అమ్ముతున్నాడు. జగదీశ్ మెడలో కండువా రంగు మారింది. టికెట్ సంగతి ఎవరూ ఎత్తరు. మా ఇంట్లో మేమిద్దరం అవసరానికి మాట్లాడుకుంటాం.

నవంబరులో ఒక ఆదివారం మా ఊరు వెళ్ళాను. పదకొండు గంటల ఎండ అరుగు మీద పడుతోంది. నాయన గోడకానుకుని కూర్చున్నాడు. అమ్మ లోపల రొట్టెలు తడుతోంది. కట్టు విప్పి, పుండు మానిందో లేదో చూసి, కొత్త గుడ్డ చుడుతున్నాను. ఆయన నా తల కేసి చూస్తూ ఉన్నాడు.

"నీకొగటి చెప్పల్ల పాపా. మీయమ్మకు చెప్పొద్దు. ఆయమ్మ ఇంగా తల్లి దయ అనే అనుకుంటాండాది."

గుడ్డ ఇంకో చుట్టు తిప్పాను.

"తల్లి దయ గాదది. షుగరు. కాళ్ళల్లో నరాలు సచ్చినాయంట. బళ్ళారిలో డాక్టర్లు నీకూ చెప్పింటారు. నాకు ఏప్రిల్లోనే తెలుసు."

"ఎట్ల తెల్సు?"

"జీపులో ఆదోని పక్కకు పోయినాము గదా ఒగ దినము, మనోళ్ళ సుట్టాలు ఆడ ఉండారని, వాళ్ళు గూడ నన్ను చూడల్లని. ఆడ బీడీ నిప్పు మీద నిలబడినానంట, తోలు కాలిన వాసనొచ్చినంక పక్కనోడు లాగినాడు. నాకు దిగులైంది. ఎవురికీ చెప్పకుండా ఆడనే ఒగ డాక్టరుకు చూపిచ్చుకున్న్యా. అంతా చెప్పినాడు. చెప్పులేసుకోకుంటే కాలు పోతాదన్న్యాడు."

"మరి?"

"హొన్నూరప్పకు చెప్పినా. అన్నా, ఇది దయ గాదు, రోగము, జనానికి చెప్పేద్దాము అన్న్యా. ఆయప్ప నా భుజం మీద చెయ్యేసినాడు. ఓటింగ్ అయ్యేదాకా ఎవురికీ చెప్పొద్దు మామా అన్న్యాడు. మామా అన్న్యాడు పాపా. ఆయప్పననేం లాభము? నాకు గూడ చెప్పబుద్ధి కాలే. అరవై నాలుగేండ్లు. ఎవురన్నా నా మాట నిలబడి విన్న్యారా? ఆ నెల దినాలు నేను యాడ నిలబడితే ఆడ జనం నిలబడినారు. కాలుదేముందిలే అనుకున్న్యా. ఆపైన ఆణె నిజంగానే పట్టుకున్న్యాది నన్ను. నీళ్ళు రాకుండా చెప్పులేస్తే, ఇంగ నాది ఏం మిగుల్తాది?"

లోపల అమ్మ రొట్టె తిప్పిన చప్పుడు వినబడింది. నేను కట్టు కొస ముడి వేశాను.

"నీకెందుకు దాచినానంటే," అన్నాడు, ఉన్న కాలు ముడుచుకుంటూ, "నువ్వు రక్తాలు చూసే మనిషివి. నీకు అప్పుడే తెలిసింటే ఊరుకుందువా? ఆ పొద్దే జీపు దింపి ఇంట్లో కూచోబెట్టి చెప్పులు తొడుగుతాంటివి. హొన్నూరప్ప గాదు గదా, ఎవురడ్డమొచ్చినా ఇంటాంటివా?"

ఆయన నా మొహంలోకి చూస్తున్నాడు. జవాబు కోసం చూస్తున్నాడు.

"లేదు నాయనా," అన్నాను. "ఊరుకుంటాంటినా?"

ఆయన నమ్మాడు.